రెండు క్యాలెండర్ల ఇల్లు

వేలూరులోని ఒక గైడు ప్రచురణకర్త పంపిన నమూనా పుటలో మొట్టమొదటి లెక్క ఇది: 'కుమార్ సంచిలో మూడు కంటే ఎక్కువ, ఏడు కంటే తక్కువ మామిడిపండ్లు ఉన్నాయి. అతని వద్ద ఎన్ని పండ్లు ఉండవచ్చు?' నళిని దాని పక్కన పెన్సిలుతో రాసింది: 'సంచి విప్పి చూసుకోవచ్చు.'

ఆమె ఇరవై ఏళ్ళకు పైగా కళాశాలలో గణితం చెబుతోంది. తొరపాడిలో ఒక అద్దె ఇంటి మేడమీద, మనుషుల కంటే పుస్తకాలకు ఎక్కువ చోటిచ్చి, ఒంటరిగా ఉంటోంది. సంయుక్త అసమీకరణాల మీద నిత్యజీవితంలోంచి ఇరవై లెక్కలు రాసిపెట్టమని ప్రచురణకర్త అడిగాడు. రెండు షరతులను 'మరియు'తోనో 'లేదా'తోనో ముడివేసి, ఆ ముడిలో ఏ సంఖ్యలు ఇముడుతాయో కనుక్కోవడం, అంతే ఆ పాఠం. పాఠం మీద నళినికి ఏ చిన్నచూపూ లేదు. ఆమె చిన్నచూపంతా ఆ నిత్యజీవితం మీద. పండ్లు లెక్కపెట్టుకోవడం రాని కుమార్లు, తన వయసు పదమూడుకూ పందొమ్మిదికీ మధ్య ఉందని గర్వంగా ప్రకటించే గీతలు, చెప్పుల జోడు కొనడానికి అసమీకరణం సాధించే రాజులు... ఇలాంటివాళ్ళు ఏ ఊళ్ళో ఉంటారు? ఏ వీధిలో? మనిషి రెండు షరతుల మధ్య నిజంగా ఇరుక్కుని ఊపిరాడక గిలగిల్లాడితే తప్ప అది లెక్క కాదని ఆమె అభిప్రాయం.

అలా ఇరుక్కున్న మనిషి కోసం ఆమె ఎక్కువ దూరం వెతకనక్కరలేకపోయింది. ఆ ఏడాది తానే ఇరుక్కుని ఉంది.

అంతకు ముందు ఏడాది కార్తీకపు వానలకు తొరపాడి ఇంటి కప్పు కారింది. గోడ వెంబడి సన్నగా, దొంగలా దిగిన నీరు రెండు అరల పుస్తకాలను తడిపి, అట్టలను ఉబ్బించి, పుటలను అప్పడాల్లా అంటించింది. ఇంటి యజమాని వచ్చి పైకి చూసి, "వాననీళ్ళే కదా" అన్నాడు. ఆ మాట అన్న నోటితో ఇకమీదట తనకు మాటలు అనవసరమని నళిని నిర్ణయించుకుంది. సొంత ఊరు గుడియాత్తంలో తన వాటాకు వచ్చిన స్థలంలో ఒక ఇల్లు కట్టించుకుంటుంది. ఉత్తరపు గోడ నిండా ఈ మూల నుంచి ఆ మూలకు పుస్తకాల అరలు. వాటి మీద ఒక్క చుక్క కారని కప్పు. ఆమె జీవితంలో ఇంతకు మించి దేన్నీ ఇంత గట్టిగా కోరుకోలేదు.

కట్టేది అన్న రంగప్ప. తరతరాలుగా ఇండ్లు కట్టే కుటుంబం వాళ్ళది. గుడియాత్తంలోనే పుట్టి పెరిగిన రంగప్ప ఇంట్లో తెలుగు, వీధిలో తమిళం, పనిలో రెండూ కలిపి మాట్లాడతాడు. కానీ చదవగలిగింది తమిళం ఒక్కటే. తెలుగు అక్షరం అతనికి ముగ్గు లాంటిది. వదిన చెంగమ్మది పలమనేరు వైపు. ఆమె తెలుగు చదువుతుంది, తమిళపు అక్షరం ముట్టదు. అందుచేత వాళ్ళింటి గోడకు రెండు క్యాలెండర్లు వేలాడతాయి: ఒకటి రోజుకో కాగితం చింపే తమిళ క్యాలెండరు, ఇంకొకటి చెంగమ్మ ప్రతి ఉగాదికీ పుట్టింటి నుంచి తెప్పించుకునే తెలుగు క్యాలెండరు. భార్యాభర్తలిద్దరూ ఒకరి క్యాలెండరును మరొకరు శిరసావహిస్తారు. చదవలేని దాని మీద భక్తి ఎప్పుడూ ఎక్కువే.

గోడలు జూన్‌కల్లా లేచి నిలబడ్డాయి. అక్కడితో పని ఆగింది.

"ఆషాఢమమ్మా, ఇప్పుడు కప్పు వేసేదిల్లే," అన్నాడు రంగప్ప ఫోనులో. "మీ వదిన వినదు."

ఆషాఢం గడిచింది. నళిని మళ్ళీ ఫోను చేసింది.

"ఆషాఢం పోయింది గానీ ఆడి వచ్చేసె గదమ్మా. ఆడినెలలో మా ఆళ్ళు తాపీ పట్టరు."

"అన్నా, ఆషాఢమూ ఆడీ ఒకటే. తెలుగు నెల చంద్రుణ్ణి బట్టి, తమిళ నెల సూర్యుణ్ణి బట్టి లెక్కిస్తారు. అందుకని ముందూ వెనకా వస్తాయి. ఒకే చెడ్డ నెలను మీరు రెండుసార్లు పాటిస్తా ఉండారు."

"అదే చెప్తా ఉండాను. రెండుసార్లు చెడ్డదంటే ఎంత చెడ్డదో చూడు!"

ఈ జవాబును ఆమె రెండు రోజులు మనసులో తిప్పి తిప్పి చూసుకుంది. ఎందులోనైనా పరిపూర్ణత అరుదు కనుక, మూర్ఖత్వంలోనైనా సరే, దానికి ఒక గౌరవం ఇవ్వాలి. తెలుగు శ్రావణం ఉండి తీరాలి, మరియు ఆడి పోయి తమిళ ఆవణి మొదలై ఉండాలి. రెండూ ఒకదాని మీద ఒకటి పడేది ఒకే ఒక్క వారం. అది దాటితే భాద్రపదం, శూన్యమాసం. ఆ వెనుక తమిళుల ఇంకో చెడ్డ నెల, పెరట్టాసి. ఆ తరువాత వానలు. కప్పు లేని గోడలు నానిపోతూ నిలబడతాయి. కుమార్ సంచిలోని మామిడిపండ్ల కంటే ఇది మేలైన లెక్కేనని నళిని పెన్సిలు చెక్కుకుంది.

వారంలో శుక్రవారం కుదిరింది. గురువారం సాయంత్రం చెంగమ్మ తెలుగు క్యాలెండరును, పలక చదివే పిల్లలా ఒక్కో అక్షరాన్ని సాగదీస్తూ, ఫోనులో చదివి వినిపించింది.

"రాసుకో పాపా. వర్జ్యం తెల్లారుజామున నాలుగూ ముక్కాలు నుంచి ఆరూ ఇరవై దాకా. దుర్ముహూర్తం ఎనిమిదిన్నరప్పుడు పట్టుకుంటే తొమ్మిదింబావు దాకా వదల్దు. మళ్ళీ మధ్యాన్నం ఒకటుండాది."

"అరవ క్యాలెండరులో?"

"అది మీ అన్నని అడగాల. ఏమయ్యో! రాహుకాలం ఎప్పుడు?"

"శుక్రవారం పదిన్నర, పన్నెండు. ఊరికంతా తెలుసు గదా దాన్ని!" అన్నాడు రంగప్ప పెరట్లోంచి.

ఇవి దేవుళ్ళ షరతులు. కాంక్రీటు షరతులు వేరే ఉన్నాయి. నళిని చేత్తో కలిపే మిశ్రమాన్ని నమ్మదు. వేలూరు అవతలి ప్లాంటు నుంచి రెడీమిక్స్ బండి రావాలని ఆమె పట్టుబట్టింది. అక్కడ కలిపినప్పటి నుంచి మూడు గంటల్లోగా బండి ఖాళీ కావాలి. లేకపోతే డ్రమ్ములోనే బిగుసుకోవడం మొదలుపెడుతుంది. మధ్యాహ్నం మూడు దాటితే ఆ రోజుల్లో వాన దాదాపు ఖాయం. అన్నిటినీ ఒకదాని మీద ఒకటి పరిచి చూస్తే మిగిలింది చిన్న ముక్క: పని తొమ్మిదింబావు తరువాత, మరియు పదిన్నర లోపల మొదలవ్వాలి. బండి ఎనిమిదింటికి ప్లాంటు వదలాలి. ఆమె ఆ సమాధానం కింద గీత గీసింది. చెత్త షరతుల నుంచి కూడా శుభ్రమైన సమాధానం రాబట్టవచ్చునన్న తృప్తితో నిద్రపోయింది.

శుక్రవారం ఆమె గుడియాత్తం చేరేసరికి తొమ్మిదిన్నర. పంపు గొట్టం అప్పటికే కప్పు మీదకు చాచి ఉంది. ఇనుప కంబీల అల్లిక ఎండకు మెరుస్తోంది. రంగప్ప తలకు తుండుగుడ్డ చుట్టుకుని, పెళ్ళికొడుకు తండ్రిలా అటూ ఇటూ తిరుగుతున్నాడు.

"వచ్చినావా పాపా? బండి పళ్ళికొండ దాటిందంట. నువ్వు నిమ్మళంగా ఉండు. పదిన్నరయినా పదకొండయినా ఇంక భయంలేదు."

"ఎందుకు లేదు? పదిన్నరకి మీ రాహుకాలం వస్తుంది గదా?"

"రానీలే. పని మొదలుపెట్టేసినాం గదా!" రంగప్ప నవ్వాడు. "తెల్లారే మొదటి తట్ట ఏసేసినాను. పైకి పోయి చూడు, ఈశాన్యంలో ఉండాది."

నళిని నిచ్చెన ఎక్కింది. ఈశాన్యపు మూల, సరిగ్గా ఉత్తరపు గోడ మొదలయ్యే చోట, కంబీల నడుమ ఒక ముద్ద. చేత్తో కలిపిన కాంక్రీటు, ఒక తట్టెడు. పైన పసుపు, కుంకుమ, ఒక చామంతి పువ్వు, ఆరిపోయిన కర్పూరపు మసి. మంచి గడియలో ఒక తట్ట వేసేస్తే పని మొదలైనట్టే. ఆ తరువాత ఏ చెడ్డ గడియ వచ్చినా, మొదలైన పనిని అది ముట్టదు. మేస్త్రీలందరికీ తెలిసిన వెసులుబాటు ఇది. దేవుళ్ళను ఇంత భయభక్తులతో కొలిచే మనుషులు, ఆ దేవుళ్ళను ఒక్క తట్టతో బోల్తా కొట్టించవచ్చునని ఇంత ధీమాగా ఎలా నమ్ముతారో నళినికి ఎన్నడూ అర్థం కాలేదు. పన్ను ఎగవేసే వ్యాపారి కూడా అధికారి తెలివిని ఇంత తక్కువగా అంచనా వేయడు.

ఆమె వేలితో ముద్దను నొక్కింది. వేలు దిగలేదు.

"అన్నా, ఇది గట్టిపడిపోయింది. తీసెయ్యి."

రంగప్ప చెవులు మూసుకున్నంత పని చేశాడు. "మొదటి తట్టని తీసేదా? నల్ల నాళ్ అదువుమా! మంచి రోజున ఏం మాటమ్మా అది?"

"బిగిసిన దాని మీద కొత్తది పోస్తే రెండూ కలవవు. చుట్టూ దారమంత సందు ఉంటుంది. ఆ సందులోంచి నీళ్ళు దిగుతాయి. దీని కింద ఏముందో తెలుసునా? నా అరలు."

"సిమెంటు పాలు పోస్తే పట్టేస్తుంది. ముప్పై ఏండ్లుగా పోస్తా ఉండాను."

"ముప్పై ఏండ్లలో నువ్వు కట్టిన ఇండ్లలో ఈశాన్యం మూల కారని ఇల్లు ఒక్కటి చూపించు."

కంబీలు సర్దుతున్న కాశి, రంగప్ప దగ్గర పదేళ్ళుగా పని చేస్తున్నవాడు, తల ఎత్తకుండానే అన్నాడు: "మేస్త్రీ ఇల్లే కారతా ఉండాదక్కా."

"నువ్వు మూసుకోరా!" అని వాణ్ణి కసిరి, రంగప్ప చెల్లెలి వైపు తిరిగి, రహస్యం చెబుతున్నవాడిలా గొంతు తగ్గించాడు. "అయినా పాపా, ఈశాన్యంలో నీళ్ళుంటే మంచిదే గదా? వాస్తులోనే ఉండాది."

కారే కప్పును సైతం శుభలక్షణంగా మార్చుకోగల మనిషితో వాదించడానికి ఏ విశ్వవిద్యాలయమూ ఆమెను తయారు చేయలేదు.

అప్పుడే బండి వచ్చింది. డ్రమ్ము తిరుగుతుండగా మారియప్పన్ అనే డ్రైవరు దిగి, పంపు దగ్గర నిలబడి పైకి చూశాడు. ఎవరూ ఏమీ చేయడం లేదు. చెంగమ్మ హారతి పళ్ళెంతో నిచ్చెన సగం ఎక్కి అక్కడే ఆగిపోయి ఉంది.

"మేస్త్రీ, విడవనా?"

"విడు!" అన్నాడు రంగప్ప.

"విడవద్దు!" అంది నళిని. "ముందు ఆ ముద్ద తియ్యాల."

"అక్కా, ఇది కాంక్రీటు, సాంబారు గాదు, ఆరిపోతే మళ్ళీ వేడి చేసుకునేదానికి. ఎనిమిదింటికి కలిపింది. పదకొండు దాటితే నా డ్రమ్ములోనే మీకు ఒక తిన్నె కట్టిస్తాను, దాని మీద అందరూ కూర్చుని కొట్లాడుకోండి."

కాశి ఫక్కుమన్నాడు. చెంగమ్మ పైకి వచ్చింది. ముద్దను చూసి, పువ్వును చూసి, ఆడబిడ్డను చూసింది.

"ఏం పాపా నువ్వు? మొదటి తట్టని తీయమంటే కట్టిన ఇల్లు నిలుస్తుందా? పుస్తకాలు తడిస్తే ఎండబెట్టుకోవచ్చు. ఇంటికి దోషం పడితే యాడ ఎండబెట్టేది?"

పదీ పది అయింది. నళిని సిమెంటు రసాయనం చెప్పింది, పొరల మధ్య పట్టు గురించి చెప్పింది, తొరపాడిలో ఉబ్బిపోయిన అట్టల గురించి కూడా చెప్పింది. అలా చెప్పడం ఆమెకు యాచనలా తోచి ఒళ్ళంతా చీదర పుట్టింది. రంగప్ప ఒక్కోదానికి తల ఊపుతున్నాడు, "సరి, సరి" అంటున్నాడు, కాళ్ళు మాత్రం కదపడం లేదు. రెండు నిమిషాల్లో అతను చెయ్యి ఊపుతాడు, గొట్టం కక్కుతుంది, ముద్ద మునిగిపోతుంది. ఆ తరువాత కార్తీకంలో ఎప్పుడో, ఉత్తరపు గోడ వెంబడి, సన్నగా, దొంగలా...

అప్పుడు ఆమెకు నిన్నటి ఫోను గుర్తొచ్చింది.

చెంగమ్మ చదివిన గడియల్లో ఒకదాన్ని నిన్న కాగితం మీద ఆమే కొట్టేసింది. ఆ వేళకు ఏ బండీ రాదు కనుక దానితో పని లేదనుకుంది. ఇప్పుడు ఆ ఒక్క మాట అంటే చాలు. కానీ ఆ మాట అనడమంటే ఇరవై ఏళ్ళుగా ఏ గుమ్మంలో కాలు పెట్టనని భీష్మించుకుందో ఆ గుమ్మంలో పొర్లుదండాలు పెట్టడమే. ఆమె ముద్దను చూసింది. దాని కింద, ఇంకా లేని అరల్లో, ఇంకా తడవని పుస్తకాలు.

"అన్నా," అంది, "ఈ తట్ట ఎన్ని గంటలకి ఏసినావు?"

"ఐదున్నరకి. ఎందుకు? అరవ క్యాలెండరు చూసే ఏసినాను. ఆ టయానికి రాహువూ లేదు, యమగండమూ లేదు."

"వదినా, నిన్న వర్జ్యం ఎప్పుడని చదివినావు?"

చెంగమ్మ అలవాటుగా మొదలుపెట్టింది. "నాలుగూ ముక్కాలు నుంచి..." అక్కడ ఆగిపోయింది. హారతి పళ్ళెం చేతిలో ఒరిగి కుంకుమ కంబీల మీద చిందింది. "...ఆరూ ఇరవై దాకా."

కింద డ్రమ్ము తిరుగుతూనే ఉంది.

"వర్జ్యంలో ఏసినావా?" అంది చెంగమ్మ. "మొదటి తట్టని, నట్టనడి వర్జ్యంలో?"

"నాకేం తెలుసు? అరవ కాగితంలో వర్జ్యం ఉండదు గదా! నీ తెలుగు క్యాలెండరు నేను చదివేదెట్లా?"

"నన్ను లేపకూడదా?"

"నిన్ను నిద్దట్లో లేపితే వర్జ్యం కంటే చెడ్డగా ఉంటుందని లేపలేదు."

"రేయ్ కాశీ! గడపార తేరా! తవ్వెయ్యి దాన్ని! ఒక్క రవ్వ మిగలకూడదు, నీళ్ళు పోసి కడుగు!" చెంగమ్మ కొంగు బిగించింది. అరగంటగా ఆడబిడ్డ శాస్త్రం కదపలేని మనుషులు ఒక్క మాటతో ఎగిరి పడ్డారు. ఇంకో చిక్కు కూడా వాళ్ళకు వెంటనే వెలిగింది: పాత తట్ట చెల్లదు కనుక పని మొదలైనట్టు కాదు, మొదలు కాలేదు కనుక రాహుకాలం మళ్ళీ అడ్డం నిలబడింది, పదిన్నరలోగా కొత్త తట్ట పడాలి. ఈ ముడిని వాళ్ళు పెన్సిలూ కాగితమూ లేకుండా, నళిని విద్యార్థుల్లో ఒక్కడికీ చేతకానంత వేగంగా విప్పారు. అది చూసి ఆమెకు ముచ్చట వేయలేదు. ఇంత చురుకైన బుద్ధిని ఇంత పనికిమాలిన చోట ఖర్చు పెడుతున్నందుకు ఒళ్ళు మండింది.

కాశి గడపారతో ముద్దను పెళ్ళగించాడు. అది కంబీల నుంచి పట్టు లేకుండా, పాత పన్నులా ఊడి వచ్చింది. కింద చెక్క కనిపించేదాకా కడిగారు.

"మారియప్పన్, ఒక్క తట్ట విడు!"

"ఒక్క తట్టనా? దీంట్లో ఆరు ఘనమీటర్లుండాది మేస్త్రీ!"

"ముందు ఒక్కటి, తర్వాత అంతా!"

తట్ట నిండింది. రంగప్ప చేతులు చాచాడు. చెంగమ్మ అతన్ని మోచేత్తో పక్కకు తోసింది.

"నువ్వొద్దు. నీ చెయ్యి ఈ రోజు బాగాలేదు. పాప ఏస్తుంది."

"నేనా?" అంది నళిని.

"నువ్వే. మా వంశంలో ఇంత పంచాంగం తెలిసినోళ్ళు పుట్టలేదు. మనసులో ఏం పెట్టుకుని ఇన్నాళ్ళూ నోరు మూసుకున్నావో!"

పదీ ఇరవై ఏడు. ముద్ద పోయింది, కప్పు దక్కింది. ఇప్పుడు 'నేను ఇవేవీ నమ్మను' అని చెప్పవచ్చు, నిజమే చెప్పవచ్చు. చెబితే ఇంకో అరగంట పంచాయితీ, ఆ తరువాత పదకొండు. నళిని చెప్పులు విడిచి, గణితశాస్త్రంలో పరిశోధన చేసిన చేతులతో తట్ట ఎత్తి, ఈశాన్యపు మూల బోర్లించింది. చెంగమ్మ పువ్వు అందించింది. నళిని దాన్ని పెట్టింది. పసుపు అందించింది. పసుపూ పెట్టింది. కర్పూరం వెలిగిస్తుంటే కాశి రెండు చేతులూ జోడించాడు, కాంక్రీటుకు కాదు, ఆమెకు. జీవితంలో ఇంత అసహ్యమైన గౌరవం తనకు ఎవరూ ఇవ్వలేదని ఆమె అనుకుంది.

ఆ వెంటనే గొట్టం దగ్గి, కక్కింది. పదకొండు లోపలే బండి ఖాళీ అయింది, రెండింటికల్లా చదును పని ముగిసింది. మూడు దాటాక వాన వచ్చినప్పుడు తడిగుడ్డలూ ప్లాస్టిక్ పరదాలూ కప్పి ఉన్నాయి.

కార్తీకంలో నళిని కొత్త ఇంట్లో ఉంది. ఇరవై లెక్కల్లో పంతొమ్మిది ప్రచురణకర్తకు పంపింది. కప్పు గురించి రాసినదాన్ని చించేసింది. దాని స్థానంలో, తన జీవితంలో మొదటిసారి, చెప్పుల జోడు కొనే రాజు గురించి ఒకటి రాసింది. ప్రచురణకర్త అన్నిటిలోకీ అదే బాగుందని కబురు పంపాడు.

ఆ రోజు మధ్యాహ్నం నుంచీ వాన. ఆమె ఉత్తరపు గోడ దగ్గర ముక్కాలి పీట వేసుకుని ఎక్కి, ఈశాన్యపు మూలను వేలితో తడిమింది. పొడిగా ఉంది. నవ్వలేదు గానీ, దిగకుండా కాసేపు అక్కడే నిలబడింది. రంగప్ప ఇంట్లో ఆ మూల కింద ఈపాటికి బకెట్టు పెట్టి ఉంటారు. నళిని కప్పు కారకపోవడానికి కారణం వర్జ్యంలో వేసిన తట్టను తీయించడమేనని చెంగమ్మ ఊరంతా చెప్పింది. ఊరంతా అంటే గుడియాత్తం మాత్రమే కాదు.

ఫోను మోగింది. కనియంబాడి నుంచి ఎవరో వీరప్ప. చెంగమ్మకు దూరపు చుట్టమట.

"అమ్మా, నమస్కారం. బోరు వెయ్యాలమ్మా. ఆదివారమైతే బాగుంటుందా, సోమవారమా? రెండు క్యాలెండర్లూ చూసి లెక్క చెప్పేది మీరొక్కరేనని చెంగమ్మక్క చెప్పింది."

ఈ నెలలో ఇది నాలుగోది. నేను అలాంటివి చూడనని మొదటి మనిషితో చెప్పింది. అతను దాన్ని వినయమనుకుని కొబ్బరికాయతో ఇంటికే వచ్చాడు.

"బండి ఎప్పుడు దొరుకుతుందంట?" అంది నళిని విసుగ్గా.

"శనివారం నుంచి మంగళవారం దాకానమ్మా, తెల్లారి ఆరు దాటినాక."

"అంటే శనివారానికి ముందు కాదు, మంగళవారం దాటకూడదు. మరియు ఆరు దాటాక." ఆమె పీట దిగింది. పొడి గోడకు చేర్చి వేసిన బల్ల మీద పెన్సిలు కోసం తడుముకుంది. తన గొంతులో పలుకుతున్న ఆ శ్రద్ధను విని, ఇన్నాళ్ళూ ఊరి మీద చూపిన ఏవగింపులో సగానికి పైగా తన మీదకే తిప్పుకుంది. "మీ ఇంట్లో ఏ క్యాలెండరుండాది?"

"రెండూ ఉండాయమ్మా."

"ఉంటాయిలే," అంది నళిని. "చదవండి."